పన్నెండు గింజలు, పదకొండు జేబులు

ఆటలో చేసిన అప్పు అప్పేనా?

మూడేళ్లుగా నన్ను పట్టుకుని వదలని సందేహం ఇది. ఒకసారి ధైర్యం చేసి పాస్టరుగారిని అడిగాను. ఆయన నా ముఖంలోకి చూసి, లేచి తలుపు దగ్గరగా వేసి, "దాసూ, పేకాట ఎప్పట్నించి?" అన్నారు. పేక కాదండీ, చేత్తో పట్టుకుని ఆడుకునే వీడియోగేమ్ పెట్టె అండీ, అందులో పన్నెండు మిరపగింజలు తీసుకున్నానండీ అని వివరించేసరికి ఆయనకి అనుమానం ఇంకా బలపడింది. ఆ ఆదివారం ప్రసంగమంతా జూదం మీదే సాగింది. ఎవరి గురించా అని సంఘమంతా వెనక్కి తిరిగి చూసింది. వాళ్లతోపాటు నేనూ వెనక్కి తిరిగి చూశాను.

నా పేరు మరియదాసు. పర్చూరు దాటాక రోడ్డు పక్కనున్న కోల్డ్ స్టోరేజీలో కాటా గుమస్తాని. మిర్చి టిక్కీ, అంటే మిరపకాయలు కుక్కిన గోతం, కాటా ఎక్కగానే నేను తూకం పైకి చదువుతాను. ఎదురుగా కూర్చున్న మనిషి ఆ అంకెని తిరిగి చెప్పి రాసుకోవాలి. తిరిగి చెప్పకపోతే ఆ తూకం ఖాయం కానట్టే. ఇరవై రెండేళ్లు అలా నా ఎదురుగా కూర్చుని తిరిగి చెప్పినవాడు సిలార్.

సిలార్‌కి కిడ్నీలు పాడై, వారానికి రెండుసార్లు ఒంగోలు వెళ్లి నాలుగేసి గంటలు మంచం మీద పడుకుని రక్తం శుభ్రం చేయించుకోవాల్సి వచ్చింది. పొద్దుపోతుందని తమ్ముడు రహమాన్ కువైట్ నుంచి ఆ పెట్టె పంపించాడు. మంగళవారాలు నేను తోడు వెళ్లేవాణ్ని. ఇద్దరం చెరికాసేపు ఆడేవాళ్లం. వ్యవసాయం ఆట అది. అందులో సిలార్‌కి పొలం, పెంకుటిల్లు, ఒక ఎర్రకోడి. పక్కనే నాకో గుడిసె, ఆరు మళ్లు.

ఆటలో కూడా ఏడు రోజులకొక ఆదివారం వస్తుంది. ఆదివారం నేను పని చేయను. ఆటలోనూ చేయలేదు. నీళ్లు పెట్టక నా మిరపంతా ఎండిపోయింది.

"దాసన్నా, ఆటలో ఆదివారం వేరు, మన ఆదివారం వేరు" అన్నాడు సిలార్, చేతికి గొట్టాలతో పడుకునే.

"ఏమో, ఎవరు చూడొచ్చారు?" అన్నాను.

అతను నవ్వి, ఆటలో తన ఇంటి గుమ్మం పక్కనున్న గింజల పెట్టెలోంచి పన్నెండు తీసిచ్చాడు. పంట వచ్చాక ఇచ్చెయ్యమన్నాడు. పంట వచ్చింది. పన్నెండు గింజలు తీసి నా గుడిసెలో దాచాను, వచ్చే మంగళవారం ఇద్దామని. ఆ మంగళవారం రాలేదు. సిలార్ ఆదివారమే వెళ్లిపోయాడు.

భర్త పోయిన మనిషి దగ్గరికి వెళ్లి, అమ్మా ఒకసారి ఆ ఆటపెట్టె ఇస్తావా, పన్నెండు గింజలు బాకీ ఉన్నాను అని ఎలా అడగను? అడగలేదు. అదీ నా సంగతి.

ఇక జక్రయ్య సంగతి.

మొన్న మార్చిలో ఒక శనివారం పొద్దున్నే మా గుమ్మంలో నిలబడి, ఊరంతటికీ వినపడేలా ప్రకటించాడు.

"మరియదాసూ! ఈ రెండు జిల్లాల్లో కలిపి బుర్ర అనేది రెండే చోట్ల ఉంది. ఒకటి నా మెడ మీద. రెండోది ఎక్కడుందో దర్యాప్తు జరుగుతోంది!"

"ఆ రెండోదాన్ని తొందరగా పట్టుకోండి అన్నయ్యా. మొదటిదాంట్లో ఏమీ దొరకలేదుగా" అంది మా ఆవిడ జయకుమారి, పిండి రుబ్బుతూ.

జక్రయ్యా నేనూ ఒకే పలక మీద అక్షరాలు దిద్దినవాళ్లం. వాడు కరెంటు ఆఫీసులో మీటరు రీడింగులు తీసి రిటైరయ్యాడు. ముప్పై ఏళ్లు జనం ఇళ్లలోకి తొంగిచూసిన అనుభవం వృథా కాకూడదని డిటెక్టివ్ అయ్యాడు. వాడి మొదటి కేసు పేరు "మాయమైన పుంజు, మౌనం వహించిన గంప". దొంగ ఎడమచేతివాటం వాడనీ, ఆరడుగుల ఎత్తుంటాడనీ తేల్చాడు. మూడో రోజు పుంజు దానంతటదే ఇంటికొచ్చింది. జక్రయ్య దాన్ని గంటసేపు విచారించాడు.

ఈ ఏడు సాయిబుల రంజానూ మా శ్రమల దినాలూ ఒకేసారి వచ్చాయి. ఈ నలభై రోజులూ మేము తలా ఒకటి మానేస్తాం. నేను కాఫీ మానేశాను. నువ్వేం మానేశావురా అని జక్రయ్యని అడిగితే, "వినయం" అన్నాడు.

ఆ రోజు వాడి ఒంటి మీద మోకాళ్ల దాకా నల్లకోటు ఉంది. కాలరు చెవుల దాకా లేచి ఉంది. నుదుటి మీద చెమట ధారగా కారుతోంది.

"ఒరేయ్, ఎండ మొదలైందిరా. ఈ కోటేంటి?"

"డిటెక్టివ్‌కి ఎండా వానా ఉండవు దాసూ, ఆధారాలే ఉంటాయి. దీనికి పదకొండు జేబులు. పది మామూలువి. పదకొండోది ఆపద సమయానికి. ఇదిగో, లోపల, ఎడమ పక్క. దాని మూతి కుట్టేయించాను."

"మూతి కుట్టేస్తే అందులో ఏం పెడతావురా?"

"ఏమీ పెట్టను. శత్రువులు ఎంత వెతికినా ఏమీ దొరకదు!"

జయకుమారి రుబ్బడం ఆపి ఒకసారి చూసి, మళ్లీ మొదలుపెట్టింది.

"మన సిలార్ భార్య షాజాదమ్మ చేత కుట్టించాను. పండగ బట్టలు మీద పడి ఉన్నాయని తనంటే నేను వినలేదు. మూడు రోజులు అక్కడే కూర్చుని గురువారం పొద్దున్నే పట్టుకొచ్చాను. తొడుక్కున్న దగ్గర్నుంచీ దాసూ, ఇక్కడ, ఎడమ పక్కటెముక మీద ముల్లులా గుచ్చుకుంటోంది. ఆరో జ్ఞానం! ప్రమాదం దగ్గరికి రాగానే గుచ్చుతుంది."

"ఇప్పుడు గుచ్చుతోందా?"

"ఇప్పుడూ గుచ్చుతోంది" అని వాడు మా ఆవిడ వైపు అనుమానంగా చూశాడు.

సరిగ్గా అప్పుడే ఉజ్మా వచ్చింది. సిలార్ కూతురు. మంగళగిరిలో ఏదో కంప్యూటరు ఆఫీసులో చేస్తుంది. రెండు రోజుల సెలవు మీద వచ్చిందని తెలుసు. కళ్లు ఎర్రగా ఉన్నాయి.

"పెదనాన్నా, మా ఇంట్లో మూడు కాగితాలు కనపడట్లేదు. మీరు మొన్న వచ్చినప్పుడు ఎక్కడన్నా చూశారా? నిండా అంకెలూ అక్షరాలూ ఉంటాయి."

చూడలేదన్నాను. ఏం కాగితాలమ్మా అంటే చెప్పింది.

సంక్రాంతి వెళ్లాక ఆ ఆటపెట్టె తెర పోయింది. చీరాలలో చూపిస్తే, లోపలి బోర్డు కూడా నాలుగు రోజుల్లో పోతుందన్నారట. అందుకని అది ఊపిరితో ఉండగానే ఉజ్మా దాని లోపలున్నదంతా ఒక ముద్దగా హార్డ్‌డిస్కులోకి దించింది. తర్వాత పెట్టె చచ్చిపోయింది. ఇప్పుడు ఎమ్యులేటర్ అని ఒకటి ఉంటుందట. దాన్ని పెడితే కంప్యూటరే ఆ పెట్టెలాగా నటిస్తుంది. కానీ దించిన ముద్ద ఊరికే తెరుచుకోదు. ఆ పెట్టెకే ఉన్న రహస్యపు కీలు ఇస్తేనే తెరుచుకుంటుంది. కీలంటే ఇనపవి కావు, పొడుగాటి అంకెల వరుసలు. ఏ పెట్టె కీలు ఆ పెట్టెవే. పక్కింటి పెట్టె కీలు పనికిరావు.

"ఆ కీలు కూడా ముందే తీశాను పెదనాన్నా. ఆఫీసు ల్యాప్‌టాప్‌లో పెట్టాను. వాళ్లు పాతది తీసేసుకుని, మొత్తం తుడిచేసి, కొత్తది ఇచ్చారు. నాకు గుర్తే లేదు."

"మరి కాగితాలు?"

"కంప్యూటర్లో ఉన్నది ఇంట్లో ఉన్నట్టు కాదు, కాగితం మీద పెట్టు అని అమ్మీ గోల చేస్తే అప్పట్లోనే ప్రింటు తీయించి ఇచ్చాను. ఇప్పుడు అవే దిక్కు. అవి దొరక్కపోతే నాన్న పొలం ఇక ఎప్పటికీ తెరుచుకోదు."

గొంతు తగ్గించి అంది. "అమ్మీ రోజూ పొద్దున్నే నమాజు అయ్యాక పది నిమిషాలు ఆ పెట్టె తెరిచి, నాన్న బొమ్మని పొలమంతా నడిపించి, కోడికి గింజలేసి మూసేసేది. తెర పోయినప్పట్నించీ ఆ పది నిమిషాలు ఏం చేయాలో తెలియక ఊరికే మిషన్ తొక్కుతోంది. గుడ్డ లేకుండా."

నేను కండువాతో కళ్లొత్తుకున్నాను. జక్రయ్యకి మాత్రం పక్కటెముక గుచ్చింది.

"పదండి!" అన్నాడు, కోటు ఎగరేసి. "ఈ కేసు జక్రయ్య చేతికొచ్చింది. ఇక నేరస్తుడికి నిద్ర లేదు!"

షాజాదమ్మ ముందుగదిలో మిషన్ మీదుంది. చుట్టూ పండగ బట్టల గుట్టలు. జక్రయ్యని చూడగానే తొక్కుడు ఆపేసింది.

"ఈ మనిషిని ఎందుకు తెచ్చావు దాసన్నా?"

"నేను తేలేదమ్మా. తనే వచ్చాడు."

జక్రయ్య మూడో జేబులోంచి భూతద్దం తీసి ఆమె కత్తెరని చూశాడు. గోడ మీది బల్లిని చూశాడు. నన్ను కూడా చూశాడు.

"ఆ కాగితాల మీద ఏముంది?"

"సున్నా నుంచి తొమ్మిది దాకా అంకెలు, ఎ నుంచి ఎఫ్ దాకా ఇంగ్లీషు అక్షరాలు. అవే మార్చి మార్చి ఉంటాయి" అంది ఉజ్మా.

"ఎఫ్ తర్వాత?"

"ఏమీ ఉండవు."

"రాసుకో దాసూ! దీని వెనకున్న వాడి చదువు ఎఫ్ దగ్గర ఆగిపోయింది." వాడు గిర్రున తిరిగాడు. "చివరిసారి ఎక్కడ పెట్టావమ్మా?"

"ఈ బల్ల మీదే, క్యాలెండరు కాగితాల అడుగున, పోకుండా ఉంటాయని."

"క్యాలెండరు కాగితాలు ఎందుకు?"

"జేబులు కుట్టేటప్పుడు లోపల ఒక కాగితం మడిచి పెడతాను, వెనక పొర సూదికి పడకుండా. కుట్టాక లాగేస్తాను. మొన్న నీ కోటుకి..."

"చాలు! కుట్టుపని పాఠాలు నాకు అనవసరం. నాకు కావాల్సింది ఆధారాలు!"

షాజాదమ్మ విసుగ్గా కత్తెర అందుకుంది. ఆ ఒక్క మాట పూర్తి కానిచ్చి ఉంటే ఈ కథ ఇక్కడే అయిపోయేదని తర్వాత తెలిసింది. మనం ప్రార్థన చేస్తూ చేస్తూ జవాబు వచ్చేసరికి మన గొంతుతో దాన్ని ముంచేస్తామని పాస్టరుగారు అంటుంటారు. ఆయన ఎవరిని చూసి అన్నారో గానీ జక్రయ్యకి అతికినట్టు సరిపోతుంది.

వాడు నాలుగో జేబులోంచి ఒక పొట్లం తీశాడు. "వేలిముద్రలు! సినిమాల్లో తెల్లపొడి చల్లుతారు. అది చీరాలలో దొరకలేదు. అయినా మన తేజ కారం ముందు అదెంత? ఇది పలచటి గుడ్డలో జల్లించింది."

"ఒరేయ్ వద్దురా!" అన్నాను.

"అంకుల్, ఫ్యాను!" అంది ఉజ్మా.

వాడు మిషన్ మీద గుప్పెడు చల్లి, ఉఫ్ అని ఊదాడు. పైన ఫ్యాను దాని పని అది చేసింది. తర్వాత అయిదు నిమిషాలు ఆ గదిలో ఎవరు ఎవరో తెలియలేదు. అందరం వీధిలో తేలాం. షాజాదమ్మ దగ్గి దగ్గి గోడకి జారగిలబడింది.

"ఉపవాసంలో ఉన్నాను! చుక్క నీళ్లు తాగకూడదు! సాయంత్రం దాకా ఇలా దగ్గుతూ కూర్చోవాలా నేను?"

"వేలిముద్రలు దొరికాయి" అన్నాడు జక్రయ్య, కన్నీళ్ల మధ్య.

"ఎవరివి?"

"నావి. ఇప్పుడే పడ్డాయి."

వాడు కుళాయి దగ్గర ముఖం కడుక్కుంటూనే సిద్ధాంతం అల్లేశాడు. ఆట కోసం ఎవరూ ఏడవరు. కాబట్టి ఇది ఆట కాదు. పెట్టె కువైట్ నుంచి వచ్చింది. కాబట్టి ముఠా అంతర్జాతీయం. కాగితాల మీదున్నది సంకేతభాష. ఇక ఈ ఊళ్లో దాని ఏజెంటు ఎవరో తేలాలి.

"బుధవారం నుంచి ఇక్కడికి ఎవరెవరు వచ్చారు?"

"సగం ఊరొచ్చింది" అంది షాజాదమ్మ. "నువ్వు మూడు రోజులు కదలకుండా కూర్చున్నావు. నిన్న బాపయ్య కూతురి జాకెట్లకి వచ్చాడు."

బాపయ్య మా స్టోరేజీ సూపర్‌వైజరు. పరువు గల మనిషి. వాతావరణం తేలిక చేద్దామని నేనో తెలివితక్కువ మాట అన్నాను. "అంకెలూ అక్షరాలే అయితే బాపయ్య దగ్గరికి పోవాలిలే. మా టిక్కీల మీద మార్కులన్నీ అవే కదా."

జక్రయ్య చెయ్యి మెల్లగా ఎడమ పక్కటెముక మీదికి వెళ్లింది. "గుచ్చింది" అన్నాడు.

నాకు నేనే శాపం పెట్టుకోవడం పాపమా కాదా అని దారిపొడవునా ఆలోచిస్తూ వాడి వెనక నడిచాను.

స్టోరేజీ గేటు దగ్గరికి వచ్చేసరికి వాడు మారువేషం వేసేశాడు. పక్క చేలో చివరి తీతకి మిగిలిన పత్తి పీకి గడ్డానికి అంటించుకున్నాడు. గుజరాత్ నుంచి వచ్చిన మిర్చి వ్యాపారినని చెప్తానన్నాడు.

"ఒరేయ్, గడ్డంలో పత్తిగింజలు కనపడుతున్నాయిరా."

"గుజరాత్‌లో అంతే."

బాపయ్య గేటు దగ్గరే ఉన్నాడు. చేతిలో చిన్న పుస్తకం. మమ్మల్ని పైనించి కిందదాకా చూశాడు.

"ఏం జక్రయ్యా, పంటినొప్పా?"

"హమ్ జక్రయ్యా నహీ హై. హమ్ వ్యాపారీ హై. మాల్ దేఖనా హై."

"చూద్దువు గాని. ముందు ఆ దూది తీసి పారెయ్. లారీల వాళ్లు భయపడతారు."

జక్రయ్య తీయలేదు. బాపయ్య చేతిలో పుస్తకం వంక చూసి, "అదిగో సంకేతాలు!" అని అరిచి, తెరిచి ఉన్న తలుపులోంచి చలిగదిలోకి దూరాడు. నేనూ పరుగెత్తాను. ఒక్క మాట ఒప్పుకోవాలి. ఆ కోటుకి తగిన వాతావరణం మా జిల్లా మొత్తంలో అక్కడొక్కచోటే ఉంది.

లోపల టిక్కీలు దొంతరలుగా కప్పు దాకా ఉన్నాయి. జక్రయ్య భూతద్దంతో ఒక మార్కు చదివాడు.

"బి పి 412! బి అంటే బాపయ్య! ఎఫ్ దాటలేదు చూశావా?"

"పక్కనే పి ఉంది కదరా. పి ఎఫ్ తర్వాతేగా?"

వాడు ఒక క్షణం ఆగాడు. "అది మారువేషంలో ఉంది" అన్నాడు.

ఆ టిక్కీ వెనకే కాగితాలున్నాయని వాడికి నమ్మకం. పక్కటెముక ఇంతలా ఎప్పుడూ గుచ్చలేదట. రెండు చేతులా పట్టి లాగాడు. దాంట్లో హమాలీ ఎవరో దిగేసి మరిచిపోయిన కొక్కెం ఉంది. టిక్కీ జారి వాడి మీదికి వచ్చింది. కొక్కెం కోటుని ఎడమ పక్క అడ్డంగా చీరేసింది. గోతం నోరు తెరుచుకుంది. నలభై కిలోల మిరపకాయలు వాడి నెత్తి మీద గలగలమని రాలాయి.

బాపయ్యా నేనూ వాడిని బయటికి లాక్కొచ్చాం. కళ్లు వాచి మూసుకుపోయాయి. పత్తి గడ్డం ఎర్రబడింది. నీళ్లు కొట్టి అరుగు మీద కూర్చోబెట్టాక బాపయ్యకి విషయం చెప్పాను. ఆయన కోప్పడలేదు. అదే ఇబ్బందిగా అనిపించింది.

"జక్రయ్యా, ఇరవై ఏళ్లుగా ఈ తాళాలు నా దగ్గరున్నాయి. ఇప్పటిదాకా ఒక్కరు ఒక్క మాట అనలేదు. నువ్వు ముందు ఆ తల్లి దగ్గరికి పోయి, బాపయ్య తీయలేదని చెప్పి రా. రేపు జాకెట్లకి నేను ఆ గుమ్మం ఎక్కాలి."

వాడి మంట కాస్త చల్లారేసరికి సాయంత్రమైంది. చెయ్యి పట్టుకుని నడిపించుకుంటూ తీసుకొచ్చాను. వాడు కాలరు దించేసి, తల వంచుకుని నడిచాడు. వినయం మానేసిన మనిషికి అది మళ్లీ దార్లో ఎదురైనట్టుంది.

"దాసూ, నాకు బుర్ర లేదేమోరా."

"ఉందిలేరా."

"సిలార్ పోయినప్పుడు నేను ఊళ్లో లేను. మట్టి వెయ్యడానికి కూడా అందలేదు. అంతకుముందు వాళ్లింటికి వెళ్లింది కరెంటు బిల్లు ఇవ్వడానికే. వాడి ఇంటికి ఒక్క మంచి పనన్నా చేద్దామనుకున్నాను. చేసిందేంటి? ఆ ఇంట్లో కారం చల్లాను."

చెయ్యి గట్టిగా పట్టుకున్నాను.

షాజాదమ్మ గుమ్మంలో ఉంది. ఉజ్మా బ్యాగు సర్దుకుంటోంది. ఇక్కడ వెతకడానికి ఇంకేం మిగల్లేదట. జక్రయ్య మూసుకుపోయిన కళ్లతో, ఆమె ఉన్న చోటుకి కాకుండా పక్కనున్న స్తంభానికి నమస్కారం పెట్టాడు.

"అమ్మా, బాపయ్యగారు తీయలేదు. ఎవరూ తీయలేదు. నేనే..."

ఆ మాట పూర్తి కాకుండానే తుమ్ము వచ్చింది. రెండోది వచ్చింది. మూడోదానికి ముక్కు పట్టుకుని జేబుల్లో రుమాలు కోసం తడిమాడు. ఒకటి, రెండు, మూడు, పది. భూతద్దం, టేపు, దారం, ఈల అన్నీ తగిలాయి, రుమాలు తప్ప. చిరిగిన చోటులోంచి చెయ్యి లోపలికి పోయింది. మడతలు పెట్టిన కాగితం తగిలింది. అదే మహాభాగ్యమని బయటికి లాగి ముక్కు దగ్గరికి తీసుకెళ్లాడు.

"అంకుల్! చీదకండి!"

ఉజ్మా అరిచిన అరుపుకి వాడి తుమ్ము లోపలికే పోయింది. ఆ అమ్మాయి ఒక్క అంగలో వచ్చి కాగితం లాగేసుకుంది. విప్పింది. మూడు కాగితాలు. వరుస తర్వాత వరుస, అంకెలూ, ఎ నుంచి ఎఫ్ దాకా అక్షరాలూ.

ముందు షాజాదమ్మే తేరుకుంది.

"అల్లా! మూతి కుట్టేయమన్నాడు కదా ఆ జేబుని! కాగితం పెట్టి కుట్టాను. మూతి మూసేశాక ఇక లాగేదెక్కడ? క్యాలెండరు కాగితమే అనుకున్నాను. పొద్దున చెప్పబోతే ఈయన చెప్పనిచ్చాడా?"

జక్రయ్య వెన్ను నిటారుగా లేచింది. కళ్లు తెరుచుకోలేదు గానీ గొంతు తెరుచుకుంది.

"నేను ముందే చెప్పాను! కాగితాలు నా పక్కటెముకకి దగ్గర్లోనే ఉన్నాయని మూడు రోజులుగా చెప్తూనే ఉన్నాను! ఎవరైనా విన్నారా?"

మసీదులో ఉపవాసం విడిచే వేళ అజాన్ వినపడింది. షాజాదమ్మ ముందు మా చేతుల్లో ఖర్జూరాలు పెట్టి, తర్వాత తను నోట్లో వేసుకుంది. జక్రయ్య కళ్లు మూసుకునే మూడు ప్లేట్ల పకోడీలు పసిగట్టాడు. వాడి పరిశోధనా శక్తి మీద నాకు మొదటిసారి నమ్మకం కలిగింది.

తర్వాత పని మొదలైంది. ఎమ్యులేటర్ తెరిస్తే "కీలు కనపడలేదు" అని ఒక ముక్క చూపించి ఊరుకుంటోంది. మూడు కాగితాలూ చూసి టైపు చేసి, ఫైలుగా మార్చి, దాని ఫోల్డర్లో పెట్టాలి. ఒక్క అక్షరం తేడా వచ్చినా తెరుచుకోదు.

"నేను చదువుతాను. నువ్వు తిరిగి చెప్పి కొట్టమ్మా. అప్పుడే ఖాయం" అన్నాను.

కాటా దగ్గర చదివినట్టే చదివాను. "నాలుగు, ఎ, తొమ్మిది, సున్నా." ఉజ్మా తిరిగి చెప్పింది, "నాలుగు, ఎ, తొమ్మిది, సున్నా." నాలుగు వరుసలయ్యేసరికి నా గొంతు పాత దారిలో పడింది. ఎదురుగా సిలార్ కూర్చున్నట్టే ఉంది. ఆ పిల్ల తలవంచి రాసే తీరు కూడా అదే.

మూడో కాగితంలో ఒక చోట ఆగాను. జేబు మూతి కుట్టిన సూది సరిగ్గా ఒక అక్షరం మధ్యలోంచి పోయింది. ఎనిమిదో, బి యో తెలియదు.

"ఎనిమిది" అన్నాడు జక్రయ్య. "నా పక్కటెముక చెప్తోంది."

ఎనిమిది పెట్టింది. తెరుచుకోలేదు.

"ఆ జేబు ఖాళీ అయిపోయింది కదరా. ఇక అది చెప్పదు" అన్నాను.

ఉజ్మా ఎనిమిది తీసి బి కొట్టింది. తెర నల్లబడింది. సన్నగా పాట మొదలైంది. ఒంగోలులో మంచం పక్కన నాలుగేసి గంటలు విన్న పాట అది.

పొలం వచ్చింది. పెంకుటిల్లు వచ్చింది. ఇంటి ముందు, షాజాదమ్మ చివరిసారి వదిలిన చోటే, నీలం చొక్కా వేసుకున్న సిలార్ బొమ్మ నిలబడి ఉంది. ఎర్రకోడి అతని కాళ్ల చుట్టూ తిరుగుతోంది.

షాజాదమ్మ కుర్చీ లాక్కుని కూర్చుంది. ఏ మీట నొక్కాలో కూతురు చూపించింది. ఆమె బొమ్మని మెల్లగా గట్టు వెంబడి నడిపించింది. చివరి దాకా వెళ్లి, వెనక్కి వచ్చి, కోడికి గింజలేసింది. అంతే. పైటతో ముఖం తుడుచుకుంది. కారమేమో అనుకుందామని జక్రయ్య వైపు చూశాను. వాడి కళ్లు అప్పుడే తెరుచుకున్నాయి. వాడూ తుడుచుకుంటున్నాడు.

"పెదనాన్నా, మీ గుడిసె కూడా ఉంది. రండి" అంది ఉజ్మా.

కూర్చున్నాను. నా మనిషి మూడేళ్లుగా పడుకునే ఉన్నాడు. లేపాను. మూల ఉన్న పెట్టె తెరిచాను. గింజలు ఉన్నాయి. తీసుకుని సిలార్ ఇంటి దాకా నడిచాను. గుమ్మం పక్కన అతని గింజల పెట్టె ముందు ఆగాను.

అప్పుడు కనపడింది, తెర పైన మూలగా. ఆ రోజు ఆటలో ఆదివారం.

నా వేలు మీట మీద ఆగిపోయింది.

"ఏమైంది అన్నా?" అంది షాజాదమ్మ.

"ఆదివారం అమ్మా."

పొద్దున్నించీ ఆమె నవ్వడం అదే మొదటిసారి. "ఆటలో ఆదివారం వేరని ఆయన నీకు చెప్పాడుగా!"

నేను వెనక్కి తిరిగి చూశాను. "నీకు తెలుసా?"

"ఎందుకు తెలీదు? దాసన్న నాకు పన్నెండు గింజలివ్వాలి, మర్చిపోతే గుర్తుచెయ్యి అని చెప్పాడు, చివర్లో. ఆ స్థితిలో కూడా నవ్వుతూనే."

"మరి మూడేళ్లూ గుర్తుచేయలేదేమ్మా?"

"గింజలడగడం ఏం బాగుంటుంది అన్నా? నువ్వే అడుగుతావని చూశాను."

ఆమె అలా చూసింది. నేను ఇలా చూశాను. మధ్యలో ఆ బాకీ మూడేళ్లు గుడిసెలోనే ఉంది. పాస్టరుగారిని అడిగినందుకు జూదగాణ్నయ్యాను గానీ, ఈ గుమ్మంలో అడిగి ఉంటే అప్పుడే జవాబు దొరికేది.

మీట నొక్కాను. గింజలు ఒక్కొక్కటే సిలార్ పెట్టెలో పడ్డాయి. మూత పడింది.

"పన్నెండు" అన్నాను పైకి, అలవాటు కొద్దీ, కాటా దగ్గర చెప్పినంత గట్టిగా.

"పన్నెండు" అని తిరిగి చెప్పింది షాజాదమ్మ.